ఫిర్యాదులో ఎవరి పేర్లు?

"498ఏ దుర్వినియోగం అవుతోంది కదా?" అని ఎవరైనా అంటే మనకి ఒళ్ళు మండుతుంది. నాకూ మండుతుంది. అలా అనేవాళ్ళలో చాలామంది గొంతులో న్యాయం కన్నా కసే ఎక్కువ వినిపిస్తుంది మరి. అలాగని ఆ ప్రశ్నని వాళ్ళకే వదిలేస్తే ఎలా? మన కారణాలతో మనమూ వేసుకోవాల్సిన ప్రశ్న అది.

మాదాపూర్‌లో సాఫ్ట్‌వేర్ ఉద్యోగం చేసే ఒకమ్మాయి తను ఇవ్వబోతున్న ఫిర్యాదు కాగితాలు నాకు చూపించింది. నోటితో చెప్పిన కథ వేరు. జీతం పడిన రోజే భర్త దాన్ని తన అకౌంట్‌కి మార్చుకుంటాడు. ఏటీఎం కార్డు అతని దగ్గరే. రాత్రి షిఫ్టు నుంచి వస్తే, క్యాబ్‌లో పక్కన ఎవరు కూర్చున్నారని అరగంట విచారణ. రెండుసార్లు కొట్టాడు. కాగితాల్లో ఇదంతా నాలుగు లైన్లు. మిగతా మూడు పేజీలూ అదనపు కట్నం కోసం అత్తమామలు, ఆడపడుచు, ఆమె భర్త కలిసి "శారీరకంగా, మానసికంగా" వేధించారన్న మాటలే. ఆ ఆడపడుచు వీళ్ళ పెళ్ళికి ముందు నుంచీ డాలస్‌లో ఉంటోంది.

"ఆవిడ నిన్నేం చేసిందమ్మా?" అన్నాను.

"ఏం చెయ్యలేదండీ. ఆమె పేరు కూడా పెడితేనే వాళ్ళు దిగొస్తారని లాయరు గారన్నారు."

ఈ అమ్మాయికి ఎవరినీ జైల్లో పెట్టించాలని లేదు. విడాకులు, తన నగలు, కొడుకు కావాలి. గృహహింస చట్టం కింద దరఖాస్తుని 60 రోజుల్లో తేల్చడానికి ప్రయత్నించాలని 2005లోనే రాసుకున్నారు. నేను దగ్గరగా చూసిన ఏ కేసూ అలా తేలలేదు. సివిల్ దారి నత్తనడక నడుస్తుంటే క్రిమినల్ కేసు బేరానికి పనికొచ్చే వస్తువవుతుంది. హైటెక్ సిటీ చుట్టుపక్కల కుటుంబాల్లో జైలు కన్నా పాస్‌పోర్టు, వీసా భయమే పెద్దది.

విచిత్రమేమిటంటే, 1983లో వచ్చిన ఆ సెక్షన్‌లో కట్నం అన్న మాటే లేదు. "క్రూరత్వం" అని ఉంది. ఆస్తి కోసం చట్టవిరుద్ధంగా వేధించడం ఉంది. మానసిక ఆరోగ్యాన్ని తీవ్రంగా దెబ్బతీసే ప్రవర్తన ఉంది. ఇప్పుడు భారతీయ న్యాయ సంహితలో 85, 86 సెక్షన్లుగా మారినా అర్థం అదే. అంటే జీతం లాక్కోవడమూ కొట్టడమూ చెప్పడానికి ఆమెకి ఏ అబద్ధమూ అక్కర్లేదు. బ్యాంకు స్టేట్‌మెంట్లే సాక్ష్యం. ఆ నిజాన్ని మూసలో పోసి పాడుచేసింది మన లాయర్ల అలవాటు.

అరెస్టులకి కళ్ళెం వేస్తూ 2014 జూలై 2న సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పులో ఒక లెక్క ఉంది. 2012లో ఈ సెక్షన్ కింద అరెస్టయినవాళ్ళు 1,97,762 మంది. వాళ్ళలో స్త్రీలు 47,951 మంది. దాదాపు నాలుగో వంతు! వీళ్ళలో కోడళ్ళని కాల్చుకుతిన్న అత్తలు లేరని నేననను, ఉన్నారు. ఏమీ చెయ్యని ఆడపడుచులూ ఉంటారు. వాళ్ళ గురించి మనం ఎప్పుడైనా ఒక సమావేశం పెట్టుకున్నామా?

హైదరాబాద్ నేరేడ్‌మెట్ పోలీస్ స్టేషన్‌లో 2022లో నమోదైన ఒక కేసుని 2024 డిసెంబర్ 10న సుప్రీంకోర్టు కొట్టేసింది. ఆరోపణలు మోఘంగా ఉన్నాయని జస్టిస్ నాగరత్న, జస్టిస్ కోటీశ్వర్ సింగ్ అన్నారు. తెలంగాణ హైకోర్టు అంతకుముందు కొట్టెయ్యడానికి ఒప్పుకోలేదు. క్రూరత్వం అనుభవించిన స్త్రీ నోరు మూసుకోవాలని తమ ఉద్దేశం కాదని కూడా ఆ తీర్పులోనే ఉంది, పేపర్ల హెడ్డింగుల్లో అది కనపడలేదు. ఆ ఇంట్లో ఏం జరిగిందన్నది నా చర్చ కాదు. నా భయమల్లా ఒకటే. ఎవరు, ఎప్పుడు, ఏం చేశారో చెప్పకుండా అందరినీ కలిపి రాసిన కాగితం కోర్టులో పడిపోతే, నిజంగా కొట్టినవాడు కూడా అందరితో పాటే బయటపడతాడు.

మరి కేసుని బేరానికి వాడుకోవడమే అధర్మమా? చేసినవాడి మీద కేసు పెట్టి, తర్వాత రాజీపడటం నాకు తప్పనిపించదు. 2003లో ఆంధ్రప్రదేశ్ తన సవరణతో, కోర్టు అనుమతి మీద 498ఏలో రాజీకి వీలు కల్పించింది. ఆ సవరణ ప్రకారం దరఖాస్తు పెట్టాక కనీసం మూడు నెలలు ఆగాల్సి ఉండేది, ఈలోగా మనసు మారితే వెనక్కి తీసుకునే వీలుండేది. భయపడి సంతకం పెట్టిన అమ్మాయికి ఆ మూడు నెలలు పుట్టింట్లో కూర్చుని ఆలోచించుకునే వ్యవధిగా ఉండేవి. అయితే డాలస్ ఆడపడుచు దేనికి రాజీపడాలి? ఆమె దగ్గర తిరిగి ఇవ్వడానికి నగలూ లేవు, కొడుకూ లేడు.