తెగిన పట్టీ: విధివ్రాతా, నిర్లక్ష్యమా?

జీను పట్టీ తెగి గుర్రం మీది మనిషి పడిపోయాడనుకుందాం. చుట్టూ చేరినవారు "అంతా అల్లాహ్ చిత్తం" అంటారు. అల్లాహ్ అనుమతి లేనిదే ఏదీ జరగదన్నది మన విశ్వాసం. ఇందులో సందేహం లేదు. కాని ఆ మాట చాటున మన నిర్లక్ష్యాన్ని దాచుకోవచ్చా?

పట్టీ ఒక్కరోజులో తెగదు. చెమటలోని ఉప్పు తోలులోకి ఇంకి దాన్ని పెళుసుగా మారుస్తుంది. కుట్లు వదులవుతాయి. మడతల దగ్గర సన్నని పగుళ్ళు కనిపిస్తాయి. ఇవన్నీ ముందస్తు హెచ్చరికలే. సవారీ అయ్యాక తోలును తడిగుడ్డతో తుడిచి నీడలో ఆరబెట్టాలి. ఎండలోనో, పొయ్యి దగ్గరో పెడితే బిరుసెక్కుతుంది. అప్పుడప్పుడు కొద్దిగా నూనె పట్టించాలి. ఎక్కువైతే మెత్తబడి సాగుతుంది. వర్షాకాలంలో గాలి తగలకపోతే బూజు పడుతుంది. ఎక్కేముందు పొట్ట కింది పట్టీని, రికాబులు వేలాడే తోలు వారులను చేత్తో లాగి చూడాలి.

ఒంటెను కట్టేసి అల్లాహ్‌పై భారం వేయాలా, వదిలేసి భారం వేయాలా అని ఒక వ్యక్తి అడిగినప్పుడు, కట్టేసి ఆపైన అల్లాహ్‌ను నమ్ముకోమని దైవప్రవక్త (సఅసం) బోధించారు. కట్టడం తవక్కుల్‌లో భాగమైతే, కట్టే తాడు చివికిందో లేదో చూసుకోవడం కూడా అందులో భాగమే కదా!

మనిషి పడితే నొప్పి చెప్పుకుంటాడు. గుర్రం చెప్పుకోలేదు. జీను చట్రం విరిగితే బరువంతా వెన్ను మీద ఒకేచోట పడుతుంది. మట్టి, చెమట పేరుకున్న జీను కింది గుడ్డ ఒరిపిడికి పుండ్లు పడతాయి. అరిగి పదునెక్కిన కళ్ళెం ఇనుము నోటిని కోస్తుంది. ఆ బాధకు గుర్రం మొరాయిస్తే మనం కొరడా అందుకుంటాం! తప్పు మనది, శిక్ష దానికి. కడుపు వెన్నుకు అంటుకుపోయిన ఒంటెను చూసి, ఈ మూగజీవాల విషయంలో అల్లాహ్‌కు భయపడండని దైవప్రవక్త (సఅసం) హెచ్చరించారు.

గుర్రాన్ని అద్దెకు తిప్పి పొట్టపోసుకునే పేదవాడు కొత్త జీను ఎక్కడ తేగలడని అడగవచ్చు. నిజమే, అల్లాహ్ ఎవరిపైనా శక్తికి మించిన భారం మోపడు. కాని తెగిన కుట్టు వేయించడం, అది కుదరకపోతే ఆ పూట గుర్రాన్ని బయటికి తీయకపోవడం అతని శక్తిలోనివే. లోపం దాచి సరుకు అమ్మడం ధర్మసమ్మతం కానప్పుడు, లోపం దాచి ఒకరి బిడ్డను జీను మీద ఎక్కించడం ఎలా ధర్మమవుతుంది? ఒక పూట అద్దె కోసం చేసే ఈ పని అమానతులో ద్రోహమే.

చేయవలసినదంతా చేశాక కూడా పట్టీ తెగితే, అప్పుడు "అల్లాహ్ చిత్తం" అన్న మాట గాయపడిన మనసుకు ఊరట. చేయవలసినది చేయకుండా అంటే, అది మన తప్పును అల్లాహ్‌పై నెట్టడమే. మన ఇళ్ళలో గుర్రాలు లేకపోవచ్చు. అరిగిన బండి బ్రేకు, ఊగే నిచ్చెన ఉండవచ్చు. వాటికీ ఇదే నీతి వర్తిస్తుంది.

మన చేతికి అప్పగించిన ప్రతి ప్రాణాన్నీ అమానతుగా కాపాడే సద్బుద్ధిని అల్లాహ్ మనందరికీ ప్రసాదించుగాక! ఆమీన్.