కొంచెము జరుగుడి



బస్సు నిలువకమునుపే కిటికీలోనుండి రుమాలు విసరి సీటు పట్టుకొనుట మనవారికి వెన్నతో పెట్టిన విద్య. విసరినవానికి ఆ సీటు పిత్రార్జితమే. జెబెదయి కుమారుల తల్లి చేసినదియు ఇదే గదా! రాజ్యము రాకమునుపే ప్రభువు కుడివైపున ఒకటి, ఎడమవైపున ఒకటి, రెండు సీట్లకు రుమాలు వేసెను. తక్కిన పదిమంది కోపపడిరి. తామే ముందుగా వేయలేకపోతిమని కోపపడినవారు వారిలో ఎందరో!

రైలులో మరియొక వింత. జనరల్ పెట్టె ద్వారమునొద్ద వ్రేలాడుచు "లోపల బోలెడు చోటుంది, జరగండి!" అని కేకలు వేసినవాడే, లోపల కాలు మోపిన మరుక్షణమున వెనుకకు తిరిగి "చోటెక్కడుంది? వెనక పెట్టెకు పొండి!" అనును. ఒక్క అడుగులో మనుష్యుని సిద్ధాంతము మారిపోవును. స్లీపరు పెట్టెలో రాత్రి 10 గంటలనుండి ఉదయము 6 గంటలవరకే పండుకొనవలెనని రైల్వేవారి నియమము. ఎనిమిదింటికిని మధ్య బెర్తు దింపనివాని క్రింద మెడలు వంచుకొని కూర్చున్న ముగ్గురును కోరకయే వినయము నేర్చుకొనుచుందురు. సెల్‌ఫోనులో సినిమా పెట్టి పెట్టె అంతటికిని వినిపించువారి దాతృత్వమునుగూర్చి నేను వ్రాయను.

అపొస్తలుల కార్యములు 8వ అధ్యాయములోని ఐతియొపీయుడును ప్రయాణములో పైకి వినబడునట్లే చదువుచుండెను. అయితే రథము అతని సొంతము. కందాకే రాణికి కోశాధికారి. ప్రక్కన పరుగెత్తి వచ్చినవాడో, మున్నెన్నడును చూడనివాడు. పైగా చదువునది నీకు తెలియుచున్నదా అని అడిగినవాడు. మనమైతే తెర దించుకొందుము. అతడు ఎక్కి తన ప్రక్కను కూర్చుండుమని ఫిలిప్పును వేడుకొనెను. అతని బాప్తిస్మము ఆ సీటునొద్దనే ఆరంభమాయెను.

నా సంగతియు చెప్పవలెను. మొన్న రాజమండ్రి బస్‌స్టాండులో కాకినాడ బస్సునకు నేనును రుమాలు విసరితిని. జనమును త్రోసికొని ఎక్కి చూడగా నా సీటులో ఒక ముసలి తల్లి, ప్రక్కను కూరగాయల బుట్ట. జగడమునకు మాటలు కూర్చుకొనుచు సమీపించితిని. ఆమె నా రుమాలును నాలుగు మడతలు పెట్టి మోకాలిమీద ఉంచుకొనియుండెను.

"ఇదిగో నాయనా, నీ గుడ్డ కింద పడిపోయింది. రా, ఇద్దరం సర్దుకుందాం" అని బుట్టను ఒడిలోనికి ఎత్తుకొని కిటికీవైపు ఒదిగెను.

ఆ దినము నేను ఒక కూటములో ప్రసంగించుటకు పోవుచుంటిని. ప్రసంగము వ్రాసికొన్న కాగితము జేబులోనే యుండెను. కాకినాడ చేరువరకు దానిని బయటికి తీయలేదు.