చేప మాంసమా?

మృగశిర కార్తె జూన్ 7, 8 తేదీల్లో మొదలవుతుంది. రోహిణి ఎండలు తగ్గి తొలకరి పడే ఆ వేళ చేప తింటే ఒంట్లో వేడి నిలుస్తుందనీ, దగ్గూ ఆయాసం దరిచేరవనీ తెలంగాణలో నమ్మకం. చిక్కడపల్లి, నారాయణగూడ, అశోక్‌నగర్‌లకు దగ్గర్లోని రామ్‌నగర్ చేపల మార్కెట్ ఆ రోజు కిక్కిరిసిపోతుంది. కొర్రమీను, రవ్వ, బొచ్చె తూకం వేయించుకున్నవాళ్లు పొలుసు తీసి ముక్కలు కొట్టేవాళ్ల ముందు మళ్లీ వరస కడతారు. ఇంట్లో పులుసో వేపుడో అవుతుంది. బయటైతే ముల్లు లేని ముక్కలకు పెరుగు, కరివేపాకు, పచ్చిమిర్చి పట్టించిన అపోలో ఫిష్. హైదరాబాద్ స్టార్టర్లలో దానికి సాటి తక్కువ. అవే వీధుల్లో చేప ముట్టని ఇళ్లవారు ఇంగువ కలిపిన బెల్లం నోట్లో వేసుకుని కార్తె జరుపుకుంటారు. చేప మాంసమే అయితే మతాలు దానికి విడిగా దారి ఎందుకు వదిలినట్టు?

మనుస్మృతి 5వ అధ్యాయం 15వ శ్లోకం చేప తినేవాణ్ని అన్ని మాంసాలూ తిన్నవాడి కిందే జమకట్టింది. ఆ వెంటనే 16వ శ్లోకం దేవతలకూ పితృదేవతలకూ నివేదించిన పాఠీన, రోహితాలను, పొలుసున్న చేపలను తినవచ్చంది. రోహితం అంటే మన రవ్వే. నిషేధానికీ మినహాయింపుకీ మధ్య ఒక్క శ్లోకమైనా ఎడం లేదు. బైబిల్‌లో లేవీయకాండం 11వ అధ్యాయం కూడా రెక్కలు, పొలుసులు రెండూ ఉన్న నీటి జీవులనే తినమంది. పొలుసుకూ ప్రాణానికీ, నొప్పికీ సంబంధం ఏమిటో రెండు గ్రంథాలూ చెప్పవు. ఇస్లాంలో చేపకు జబహా, అంటే దేవుడి పేరు చెప్పి గొంతు కోయడం, అక్కర్లేదు. అయితే రొయ్య చేపల జాతి కాదు గనుక తినడం తగదని హైదరాబాద్‌లోని జామియా నిజామియా 2018లో ఫత్వా ఇచ్చింది. బిర్యానీ ప్రియులు దాన్ని ఎంత పట్టించుకున్నారన్నది వేరే సంగతి.

ఉపవాస దినాల్లో మాంసం మానే కాథలిక్కులకు చేప అడ్డు కాదు. అందుకే పోలండ్‌లో క్రిస్మస్ ముందు రాత్రి భోజనంలో మాంసం ఉండదు, హెర్రింగ్ చేప ఉంటుంది, పుల్లటి మీగడలోనో నూనె, ఉల్లిపాయల్లోనో. బాల్టిక్ అవతలి ఒడ్డున స్వీడన్ 16వ శతాబ్దంలో లూథర్ బాట పట్టింది. పాత ఉపవాసాలు పోయాయి, హెర్రింగ్ పోలేదు. జూన్ 19, 25 తేదీల మధ్య వచ్చే శుక్రవారం నాటి మిడ్‌సోమర్ (నడివేసవి పండగ) విందులో అదే చేప వెనిగర్, చక్కెరల్లో ఊరి, కొత్త బంగాళాదుంపలు, సోయకూరతో కలిసి వస్తుంది. రెండు పద్ధతులనూ కలిపి రై రొట్టె ముక్కల మీద వడ్డిస్తే ఒకరి ఉపవాసం, ఇంకొకరి పండగ ఒకే ముద్దలో దిగుతాయి. చేప మారలేదు, దాని చుట్టూ గీసిన గీత మారింది.

ఈ గీతలన్నీ తడబడే చోటు నాంపల్లి ఎగ్జిబిషన్ మైదానం. బత్తిని కుటుంబం మృగశిర రోజున అక్కడ ఉబ్బసం రోగులకు చేప ప్రసాదం ఉచితంగా ఇస్తుంది. 1845 నుంచీ ఇస్తున్నామని వాళ్ల మాట. బతికున్న కొర్రమీను పిల్ల నోట్లో పసుపు రంగు ముద్ద పెట్టి రోగి చేత మింగిస్తారు. దీనికి శాస్త్రీయ ఆధారం లేదని జన విజ్ఞాన వేదిక వాదించింది. వివాదాల నడుమ మందు అన్న పేరు పోయి ప్రసాదం అన్న పేరు నిలిచింది. పేరు మారినా హింస ప్రశ్న తీరదు. పులుసులోని చేపను చంపింది మరొకరు. ఇక్కడ చంపేది మింగేవాడే. రోగం ముందు ఆపద్ధర్మం అనవచ్చు. ఆ వాదన నిలవాలంటే చేప లేనిదే పని జరగదని తేలాలి. అదే మైదానంలో శాకాహారులకు ఆ ముద్దనే బెల్లంలో పెట్టి ఇస్తారు.