లింగైక్యమైన ఇంట కన్నీరు తగునా?

మన ఇండ్లలో పెద్దలు లింగైక్యము చెందినపుడు ఒక మాట తరచుగా వినవచ్చుచుండును: “శివునిలో కలిసినవారికై ఏడువరాదు, ఏడ్చినచో భక్తికి లోపము.” తండ్రిని పోగొట్టుకొన్న పిల్లవాడు ఆ మాటకు వెరచి, పైపంచె నోటికి అడ్డము పెట్టుకొని వెక్కిళ్లను దిగమ్రింగుకొనును. ఇది భక్తియా, కాఠిన్యమా యని మనము ఆలోచింపవలసియున్నది.

మృతులకు స్నానము చేయించి, విభూతి పూసి, పద్మాసనమున కూర్చుండబెట్టి, ఎడమ అరచేతియందు ఇష్టలింగము నుంచి సమాధి చేయుట మన ఆచారము. బ్రతికినన్నాళ్లు పూజించిన లింగము తుదివరకు ఆ చేతినే యుండును. ఆ జీవుడు పరశివునిలో ఐక్యమయ్యెనని మన విశ్వాసము. కాని వారి చేతికర్ర మూలనే యున్నది. వారు కూర్చుండు పీట ఖాళీగా నున్నది. కన్నీరు వారి సద్గతిని శంకించి వచ్చునది కాదు. ఆ ఖాళీని చూచి వచ్చునది.

12వ శతాబ్దిలో బసవేశ్వరుడును తోడి శరణులును సూతకములను త్రోసిపుచ్చిరి. లింగధారికి మృతసూతకము లేదు. దాని అర్థము దుఃఖము లేదని కాదు. దుఃఖించు ఇల్లు అంటరానిది కాదని. పొరుగువారు వాకిటనే నిలిచి మరలిపోనక్కరలేదు. లోనికి వచ్చి, ప్రక్కన కూర్చుండి, కలిసి భుజింపవచ్చును. దుఃఖము పంచుకొనుటకే ఆ తలుపు తెరువబడినది.

ఇక భర్తను కోల్పోయిన సోదరి సంగతి చూడుడు. ఆమె మెడలోని లింగము గురువు ప్రసాదించినది. భర్తతో పోవునది కాదు. అట్టి ఆమెను అశుభమని మూల కూర్చుండబెట్టుట, ఎదురు రావలదనుట, వెడలగొట్టిన సూతకమును దొడ్డిదారిన మరల ఇంటికి తెచ్చుకొనుటయే. “ఏడువకుము, ఆయన శివైక్యుడు” అని పలికిన నోటనే ఈ మాట వచ్చుట ఎంత విపరీతము!

దుఃఖమునకు హద్దు లేదా? కలదు. మరునాటి ఉదయము యథాప్రకారము లింగమును కరమున నుంచుకొని పూజ సాగింపవలెను. అప్పుడు కన్నులు చెమర్చినను దోషము లేదు. చేయి తన పని మరువకుండిన చాలును. కుటుంబమంతయు కలిసి కూర్చుండి చేయు ఆ పూజయే ఏడ్చువారికి ఆసరా.

కావున సోదరులారా, ఇకమీద అట్టి ఇంటికి పోయినపుడు ఉపదేశమునకు తొందరపడక, మొదట వారి ప్రక్కన కూర్చుండుడు.

శరణు శరణార్థి.