కోడి కొన్నాడుగా

జంధ్యాల సినిమా ఏదైనా తలుచుకోండి. కథకన్నా ముందు మనుషులు గుర్తొస్తారు. ఒక్కొక్కరికీ ఒక్కో పిచ్చి. 'శ్రీవారికి ప్రేమలేఖ' (1984)లో శ్రీలక్ష్మి సినిమా కథ మొదలెట్టిందంటే టైటిల్స్ దగ్గర్నుంచీ చెప్పాల్సిందే. 'చంటబ్బాయ్' (1986)లో ఆవిడకే రచనల పిచ్చి. 'అహ నా పెళ్ళంట' (1987)లో పిసినారి లక్ష్మీపతిగా కోట శ్రీనివాసరావు కోడిని పైనుంచి వేలాడదీసి, దాన్ని చూస్తూ ఉత్త అన్నం తింటాడు.

మా ఇంట్లోనూ ఒక లక్ష్మీపతి ఉన్నాడు. మా నాన్న. ఆ పేరు పెట్టింది బాబాయి. నాన్న స్టీల్ ప్లాంటులో పనిచేసేవాడు. ఉక్కునగరం క్వార్టర్లో అందరం ఒకే గదిలో ఉంటేనే ఫ్యాను తిరిగేది. అయిపోయిన టూత్‌పేస్ట్ ట్యూబుని కత్తెరతో కోసి ఇంకో రెండ్రోజులు వాడేవాడు. బాబాయి ఆ పేరు ముఖం మీదే అనేవాడు, మేం చాటుగా అనేవాళ్లం. నాన్న కూడా నవ్వేవాడు కాబట్టి అందులో తప్పేమీ కనిపించలేదు.

ఒక మనిషిని ఒక్క అలవాటుకి కుదించేసి నవ్వుకోవడం తప్పా?

జంధ్యాలకి లోతు తెలియక కాదు. 'అడవి రాముడు' (1977), 'వేటగాడు' (1979) లాంటి మాస్ సినిమాలకి మాటలు రాసిన చెయ్యే 'శంకరాభరణం' (1980)కీ రాసింది. శంకరశాస్త్రిదీ మొండి పట్టుదలే. కానీ దాని వెనక ఏముందో మనకి తెలుసు, అందుకే నవ్వం. లక్ష్మీపతి అలా ఎందుకు తయారయ్యాడో మాత్రం సినిమా చెప్పదు. చెప్తే కోడి సీనుకి నవ్వు రాదు. కామెడీ రాసేవాడు ఆ 'ఎందుకు'ని కావాలనే పక్కన పెడతాడు.

రాసేవాడికి ఆ హక్కు ఉందనే అనుకుంటాను. లక్ష్మీపతికి సినిమా బయట బతుకు లేదు, మనం నవ్వితే నొచ్చుకోడు. పైగా అతని కూతుర్ని చేసుకోవాలంటే రాజేంద్రప్రసాద్ కూడా పిసినారిగా నటించాలి, ఆ ఇంటి పద్ధతిలోనే బతకాలి. మేం ఆ మాత్రం కూడా చెయ్యలేదు. పేరొకటి ఇంటికి తెచ్చుకున్నాం. పేరు దొరికింది కాబట్టి ఇక అడగాల్సిన పని లేదనుకున్నాం. ఆ తప్పు జంధ్యాలది కాదు.

మొన్న టీవీలో మళ్లీ అదే సినిమా. రిటైరయ్యాక నాన్న గాజువాకలో మా దగ్గరే ఉంటున్నాడు. కోడి సీను వచ్చింది.

"వీడేం పిసినారిరా, కోడి కొన్నాడుగా" అన్నాడు.

పగలబడి నవ్వాను. నవ్వు ఆగాక, ముప్పై దాటిన వయసులో, మొదటిసారి అడిగాను.

"నువ్వెందుకు నాన్నా అలా ఉండేవాడివి?"

టీవీ మీంచి చూపు తిప్పలేదు. "మా నాన్న పోయినరోజు పాడెకి వెదుళ్లు అప్పు తెచ్చాం" అన్నాడు.

కాసేపాగి, "సౌండు కొంచెం పెంచు" అన్నాడు.