అనుభవమునకు కొలత

ఇరువది యేండ్లు బోధించిన ఉపాధ్యాయుడు అయిదేండ్లు బోధించిన వానికంటె మేలైనవాడగునా? ఈ ప్రశ్నను మేము మర్యాదకొఱకు ఉపాధ్యాయుల గదిలో అడుగుకొనము. న్యాయస్థానములలో మాత్రము అడుగుచునే యుందుము. పదోన్నతి వ్యాజ్యములలో పెక్కింటికి మూలమిదియే.

2025 సెప్టెంబరు 1వ తేదీన సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పు ఈ ప్రశ్నను మా పాతబస్తీ బడుల గడపదాక తెచ్చినది. వ్యాజ్యములు మహారాష్ట్ర, తమిళనాడులవి. ఫలము దేశమందలి ఉపాధ్యాయులందఱిది. ఎనిమిదవ తరగతివఱకు బోధించువారిలో, ఉద్యోగ విరమణకు అయిదేండ్లకు మించి గడువున్నవారు రెండేండ్లలో టెట్ అను అర్హత పరీక్ష నెగ్గవలెనట. అంతకు తక్కువ గడువున్నవారు పరీక్ష లేకయే కొనసాగవచ్చును గాని, పదోన్నతి కోరినచో వారికిని పరీక్ష తప్పదు. అల్పసంఖ్యాక వర్గముల పాఠశాలల మాటను మాత్రము విస్తృత ధర్మాసనమునకు విడిచిరి. అట్టి బడులు వీధికొక్కటి గల మా పేటలో అది చిన్న విషయము గాదు.

2010 ఆగస్టు 23 నాటి ప్రకటనకు ముందు నియమితులైన మావంటి వారికి ఆ ప్రకటనయే మినహాయింపు నిచ్చియుండెను. ఇచ్చిన మాటను నడిమధ్య మార్చుట న్యాయమా యని మావారి మొఱ. పదోన్నతి హక్కు గాదు, దానికై పరిగణింపబడుట మాత్రమే హక్కు అని న్యాయస్థానములు చిరకాలముగా చెప్పుచున్నవి. మొఱలో బలము లేకపోలేదు. అయినను మనము లెక్కించు ఏండ్లలో ఏమున్నదో మొదట చూచుకొనవలదా?

ఏండ్లకు ఒక గొప్ప సుగుణమున్నది. అవి ముఖస్తుతికి లొంగవు. అధికారి బంధువైనను, కానివాడైనను, పది యేండ్లు పదియే. పక్షపాతమునకు భయపడిన బలహీనుడు అంకెను ఆశ్రయించుట సహజము. నైజాము కాలపు ముల్కీ నిబంధన 15 ఏండ్ల నివాసము నడిగినది అందుకే. ఆ అంకెను తప్పించి బయటివారిని ఉపాధ్యాయులుగా చేర్చుచున్నారని 1952లో వరంగల్లున పుట్టిన అలజడి సెప్టెంబరు నాటికి మా మూసీ యొడ్డునకు వచ్చెను, సిటీ కాలేజి వద్ద తుపాకులు మ్రోగెను, ప్రాణములు పోయెను. అంకెను తేలికగా తీసివేయుడని ఈ ఊరిలో ఎవ్వరును చెప్పజాలరు.

కాని కావలికాచు అంకె వేఱు, విద్వత్తు వేఱు. కాళిదాసు మాళవికాగ్నిమిత్రములో గణదాసుడు, హరదత్తుడు అను నాట్యాచార్యులిద్దఱు తమలో నెవరధికుడని రాజు నెదుట వాదులాడుదురు. (ఆ కలహము వెనుక విదూషకుని పన్నాగమున్నది, అది వేఱు కథ.) తీర్పరియైన పరివ్రాజిక వారి సేవాకాలము నడుగలేదు, వారికి ప్రశ్నపత్రమును ఈయలేదు. శిష్యురాండ్ర ప్రదర్శనమును చూపుడన్నది. ఇంత తెలివిగల న్యాయమూర్తి మనకు దొరకలేదు. నా యిరువది యేండ్ల సేవలో వెనుక బల్లపై కూర్చుండి నా పాఠము నొక్కటైనను కడదాక వినిన అధికారి లేడు. రిజిస్టరులు మాత్రము చూచిరి.

వినియుండినచో ఏమి తెలిసెడిది? నాకే సిగ్గగు విషయము చెప్పెదను. ఉర్దూ మాటలాడు ఇండ్లనుండి వచ్చు పిల్లలకు నేను తెలుగు చెప్పుదును. ‘పెళ్ళి’ అని చెప్పిన ‘పెల్లి’ యని వ్రాయుదురు. పది యేండ్లు దానిని అశ్రద్ధ యనుకొంటిని, మందలించితిని, నూఱుసార్లు వ్రాయించితిని. ఒకనాడు ఒక పిల్లవానిని కలము అడిగితిని. వాడు నవ్వి, తమ యింటి మాటను కంఠములోనుండి పలికి, ‘అట్లు అనుడు సార్’ అనెను. నాలుగుసార్లు ప్రయత్నించితిని. నా నోటికి రాలేదు. అసలు నా చెవికే ఆ భేదము సరిగా అందలేదు. తరగతి యంతయు నవ్వినది. వాని చెవికి ‘ళ’ ఎట్లు లేదో నాకప్పుడు తెలిసెను. మఱునాటినుండి వ్రాయించుట మాని వినిపించుట మొదలిడితిని.

అది నా సేవలో పదునొకండవ యేడు. సర్వీసు రిజిస్టరులో ఆ యేటికిని, అంతకుముందు పదింటికిని ఇంక్రిమెంటు ఒక్కతీరుననే పడినది. అనుభవము గడించిన దినమేదియో ఆ పుస్తకమునకు తెలియదు. నేను ‘నా యిరువది యేండ్లు’ అని న్యాయస్థానములో చెప్పినచో, ఆ పదియు అందులో చేరియే యుండును. వాటి వెల ఆ పిల్లలు చెల్లించిరి.

అట్లని పరీక్షయే తూనికరాయి యనను. 150 ప్రశ్నలకు రెండున్నర గంటలలో గుఱుతులు పెట్టినవాడు తరగతిలో మూగబోవచ్చును. ప్రభుత్వము తాను చూడవలసినదానిని చూడక, మొదట ఏండ్లపైకిని, ఇప్పుడు మార్కులపైకిని భారమును నెట్టుచున్నది. ఆ తప్పు మాది గాదు.

అయినను నేను దరఖాస్తు పెట్టితిని. ఆ 150లో 30 ప్రశ్నలు శిశువికాసమునకు, బోధనాపద్ధతులకు కేటాయింపబడినవి. అందుకై కొన్న పుస్తకములో మాతృభాష క్రొత్తభాషా ధ్వనులపై చూపు ప్రభావమును గూర్చి పుటన్నర ప్రకరణమున్నది. దానిని మొన్న రాత్రి చదివితిని. రెండుసార్లు చదివి, దీపమార్పి, చాలసేపు నిద్రపట్టక పడియుంటిని.