షటప్ కిట్టీ!

1985లో దూరదర్శన్‌లో వచ్చిన 'కరమ్‌చంద్' గుర్తుందా? క్యారట్ కొరుకుతూ నేరస్తుల్ని పట్టే డిటెక్టివ్‌గా పంకజ్ కపూర్, అతని సెక్రటరీ కిట్టీగా సుస్మితా ముఖర్జీ. ఆమె ఏదైనా అనగానే అతను "షటప్ కిట్టీ" అనేవాడు. మనమంతా పకపకా నవ్వేవాళ్లం. ఇద్దరూ నేషనల్ స్కూల్ ఆఫ్ డ్రామాలో చదువుకున్నవాళ్లే. ఆయనకు తర్వాత 'రాఖ్', 'మక్బూల్'లలో నటనకు జాతీయ అవార్డులొచ్చాయి. ఆమె ఎన్ని వేషాలు వేసినా చాలామందికి కిట్టీయే. అమాయకురాలిగా నమ్మించడానికి ఎంత తెలివి కావాలి!

మా సిద్దిపేటలో "నీకేం తెల్వదు, ఊకో" అన్న మాట పడని ఇల్లాలు అరుదు. అదీ నవ్వుతూనే అంటారు. నవ్వుతూ అన్నంత మాత్రాన ముల్లు గుచ్చుకోదా? కిట్టీ అడక్కపోతే కరమ్‌చంద్ తెలివి మనకెలా తెలిసేది? ఇంట్లోనూ అడిగే నోరు ఉండాలమ్మా. ఈసారి నవ్వొచ్చినప్పుడు, ఆ నవ్వు కోసం ఎవరు ఊకున్నారో ఒక్కసారి చూడండి.